రాతిపై చెక్కిన యుద్ధములు

(గ్రంథాలయ రజతోత్సవ సభయందు చేసిన ఉపన్యాస పాఠము)



కలకత్తా నగరమున సెయింట్ జాన్ చర్చి ఆవరణలో ఒక మూల తెల్లని పాలరాతి స్తంభమొకటి కలదు. దానిని మొదట నిలిపినది అచ్చట కాదు. ప్రభుత్వ కచేరీలు గల డల్‌హౌసీ చౌకు మూలను, వచ్చిపోవు బండ్లవారికిని పాదచారులకును కానవచ్చునట్లుగా, 1902లో వైస్రాయి కర్జన్ ప్రభువు దానిని ఎత్తించెను. 1940లో దానిని పెకలించి ఈ చర్చి మూలకు చేర్చిరి. కర్జన్ కాలమునకు చాల పూర్వము ఆ ప్రాంతముననే ఇటుకతో కట్టిన స్తంభము వేరొకటి యుండెడిది; దానిని 1821లో ఆంగ్లేయులే తీసివేయించిరి. ఒక్క రాత్రి జరిగిన ఒక్క సంగతికై రెండు స్తంభములు లేచినవి, రెండును తొలగిపోయినవి. జరిగిన సంగతి మారలేదు, ఏలినవారి యవసరము మారినది. యుద్ధములను గూర్చి ప్రజలు దేనిని తలచుకొనవలెనో, దేనిని మరువవలెనో ప్రభుత్వములు ఏర్పరచు విధమును తెలిసికొనదలచినవారు ఈ స్తంభముతో మొదలిడుట మేలు.

ఆ రాత్రి 1756 జూన్ 20వ తేది రాత్రి. బంగాళా నవాబు సిరాజుద్దౌలా సైన్యము ఆంగ్లేయుల విలియం కోటను పట్టుకొనెను. చిక్కిన ఖైదీలను కోటలోనే, తప్పుచేసిన సిపాయిల నుంచుటకై కట్టిన బందెఖానా గదిలో పెట్టి తలుపు వేసిరి. 18 అడుగుల పొడవు, 15 అడుగులకు కొంచెము తక్కువ వెడల్పు గల గది అది. కిటికీలు రెండే, అవియు చిన్నవి. జూన్ నెల ఉక్క. తెల్లవారునప్పటికి అనేకులు ఊపిరాడక మరణించిరి. ఈ వృత్తాంతమును లోకమునకు చాటినవాడు హాల్‌వెల్ అను కంపెనీ ఉద్యోగి. అతడును ఆ గదిలోనుండి ప్రాణములతో వెలువడినవాడే. లోపలికి పోయినవారు 146 మందియనియు, బ్రతికి బయటపడినవారు 23 మందియనియు అతడు వ్రాసెను. 1760లో కొద్ది మాసములు బంగాళా గవర్నరు పదవి కూడ నిర్వహించెను. ఇటుక స్తంభమును తన సొమ్ముతో కట్టించినవాడు అతడే. అయినను, మృతులు 123 మందియని చెప్పిన ఆతడు స్తంభముపై వ్రాయించిన పేర్లు 50కి మించలేదు.

గాదె కొలతలు తెలిసిన రైతు ఎవ్వడైనను ఇచ్చట ఒక లెక్క వేసికొనగలడు. ఆ గది వైశాల్యము 267 చదరపు అడుగులు. 146 మందికి పంచినచో తలకు రెండు చదరపు అడుగులు కూడ రావు. ధాన్యపు బస్తాలను సయితము అట్లు నింపుట కష్టము. బంగాళా చరిత్రకారుడు అక్షయకుమార మైత్రేయుడు ఈ కథను శంకించెను. 1915లో జె. హెచ్. లిటిల్ అను ఆంగ్లేయుడే హాల్‌వెల్ మాటలు నమ్మదగినవి కావని వాదించెను. 1959లో బ్రిజెన్ గుప్త అను పండితుడు దొరికిన ఆధారములనన్నిటిని సరిచూచి, లోనికి పోయినవారు సుమారు 64 మంది, బ్రతికినవారు 21 మంది యని అంచనా కట్టెను. కనుక ఆ కథ అంతయు కల్ల యనుటయు తగదు. హాల్‌వెల్ చెప్పినదంతయు నిజమనుటయు తగదు. ఆ గదిలో మనుష్యులు దాహముతో, ఊపిరి కొరకు పెనగులాడి చచ్చిరి. ఆ మాట మాత్రము నిలుచును.

మరి 1821లో ఆంగ్లేయులే తమవారి స్తంభమును ఎందులకు తీసివేసిరి? అది పాడుబడియుండెను, ఆదరించువారు లేరు. అంతకు మూడేండ్ల క్రిందటనే పీష్వాల రాజ్యము కూడ కూలిపోయి, కంపెనీవారికి ఈ దేశమున ఎదురు లేకుండెను. తాము ఓడి చిక్కిన రాత్రిని నగరము నడుమ నిలుపుకొనుటకు అప్పటివారికి ఏ ప్రయోజనమును కానరాలేదని తలచుటయే సమంజసము. పిమ్మట 1840లో మెకాలే క్లైవును గూర్చి వ్రాసిన వ్యాసములో ఆ రాత్రికి గొప్ప రంగులు పూసెను. అది పాఠశాలలకు దిగినది. ఈ దేశపు ప్రభువులు క్రూరులు గనుక పరదేశి పాలన అవసరమాయెనని ఆంగ్లేయ బాలురకును, భారతీయ బాలురకును ఒకే నోట చెప్పుటకు అది అక్కరకు వచ్చినది. 1902 నాటికి కాంగ్రెసు సభలు పదునెనిమిదవ యేట నడచుచుండెను. అట్టి కాలమున కర్జన్ తన సొమ్ముతోనే పాలరాతి స్తంభమును నిలిపించెను. చనిపోయినవారి కొరకు శోకించువారు అప్పటికి ఎవరును మిగిలియుండలేదు. వారి మనుమలును గతించిరి. ఆ రాయి శోకముకొరకు లేచినది కాదు.

1940లో సుభాస్ చంద్రబోసు ఆ స్తంభము నగరమునకు అవమానమని చాటి, జూలై 3వ తేదిని సిరాజుద్దౌలా దినముగా నిర్ణయించి, సత్యాగ్రహమునకు పిలుపునిచ్చెను. జూలై 2వ తేదినే ఆయనను నిర్బంధించిరి. కాని ఆందోళనము ఆగలేదు. హిందువులును ముసల్మానులును కలసి నిలిచిరి. బంగాళా మంత్రివర్గము స్తంభమును తొలగించుటకు ఒప్పుకొనెను. 1941 జనవరిలో ఆయన గృహమునుండి తప్పించుకొని దేశము దాటిపోయిన కథ అందరికిని తెలిసినదే. దానికి దారి తీసిన నిర్బంధము ఈ రాతి మూలముననే వచ్చినదని తెలిసినవారు తక్కువ.

ఉమ్మడి మదరాసు రాజధానిలో నుండిన కాలమున తెలుగువారును ఇట్టి విగ్రహమునొకదానిని చూచుచు తిరిగిరి. మౌంటు రోడ్డులో నిలిచిన ఆ విగ్రహము మదరాసు ఫ్యూసిలియర్లను నడిపిన కర్నల్ నీలుది. 1857లో అలహాబాదులోను, కాన్పూరులోను అతడు వేయించిన ఉరికొయ్యలకు లెక్క లేదు. కాన్పూరులో ఉరికి ముందు ఖైదీలచేత నేలపై ఎండిన రక్తమును కడిగించుటకు ఉత్తరువు చేసినవాడు అతడు. లక్నోలో అదే సంవత్సరము చంపబడెను. అతనిని వీరుడని విగ్రహము నిలిపినది పాలకవర్గము. 1927లో దానిని తొలగించుటకై యువకులు సత్యాగ్రహము చేసి చెరసాలలకేగిరి. 1937లో రాజాజీ మంత్రివర్గము వచ్చిన పిమ్మట గాని ఆ విగ్రహము వస్తుప్రదర్శనశాలకు చేరలేదు. నిలిపినది పాలకవర్గము, దింపినది ప్రభుత్వము. నడుమ పదియేండ్లు దెబ్బలు తిన్నవారు మాత్రము ప్రజలు.

కాన్పూరు సంగతి ఇంతకంటె బాధాకరమైనది. 1857 జూలైలో అచ్చట బీబీఘర్ అను ఇంట బందీలుగా నుండిన సుమారు 200 మంది ఆంగ్ల స్త్రీలను, పిల్లలను నరికి, శవములను బావిలో పడవేసిరి. ఏ ధర్మశాస్త్రమును దీనిని సమర్థింపదు. ఆంగ్లేయులు ఆ బావిపై పాలరాతి దేవదూతను నిలిపి, చుట్టు తోట వేసిరి. తోట ఖర్చు నగర ప్రజలపై విధించిన జరిమానా సొమ్ములోనిది. భారతీయులు అనుమతి చీటి లేక ఆ తోటలో అడుగిడరాదు. ఆ పరిసరములలోనే ఉరితీయబడిన భారతీయులకు గురుతు ఏదియు లేదు. స్వాతంత్ర్యము వచ్చిన పిదప దేవదూతను చర్చి ఆవరణకు తరలించిరి; తోటకు నానారావు పేరిడిరి; తాంతియాతోపే విగ్రహము నిలిపిరి. అన్యాయము కొంత సరిపడినది. కాని ఇప్పుడు ఆ తోటలో ఆడుకొను బాలునికి, అచ్చట పిల్లలు చంపబడిరని చెప్పునది లేదు. ఒక ప్రభుత్వము సగము చెప్పినది. మరియొకటి తక్కిన సగము చెప్పినది. రెండు సగములు ఒకచోట చేరలేదు.

చేర్చిన చోటు ఒకటి యున్నది. ఢిల్లీ గుట్టపై 1863లో ఆంగ్లేయులు ఎఱ్ఱరాతి గోపురము కట్టి, ముట్టడిలో చచ్చిన, గాయపడిన తమ పక్షపు సైనికుల లెక్కలను పటాలముల వారీగా చెక్కించిరి. ఆ శాసనములలో ఎదుటి పక్షమువారికి శత్రువు అనునదొక్కటే పేరు. 1972లో, స్వాతంత్ర్యమునకు ఇరువదియైదేండ్లు నిండిన సందర్భమున, భారత ప్రభుత్వము ఆ గోపురమునకు అజిత్‌గఢ్ అని పేరు పెట్టెను. ఆ శాసనములను చెరుపలేదు. వానికి చేరువనే వేరొక ఫలకము నుంచి, పై శాసనములలో శత్రువులని పేర్కొనబడినవారు పరపాలనపై తిరుగబడి పోరాడిన వీరులని వ్రాయించెను. పాత రాయి ఉన్నది, కొత్త రాయి ఉన్నది. చదువువాడు రెండును చదువుకొనవచ్చును. ఏ ప్రభుత్వమైనను చేసిన పనులలో ఇది మెచ్చదగినది.

1857ను ఏ పేర పిలువవలెనన్నది కూడ రాతిమీది వ్రాతవంటిదే. ఆంగ్లేయులు దానిని సిపాయిల పితూరి అనిరి. సావర్కరు దానిని స్వాతంత్ర్య సమరమని వ్రాసిన గ్రంథము 1909లో వెలువడెను. వెలువడక మునుపే ఈ దేశమున నిషేధింపబడెను. శతవార్షికోత్సవ సంవత్సరమగు 1957 నాటికి పాలన చేతులు మారినది. కేంద్రప్రభుత్వము సురేంద్రనాథ సేనుచేత చరిత్ర వ్రాయించెను; మౌలానా ఆజాదు దానికి పీఠిక వ్రాసెను. మతరక్షణకై మొదలైన పోరాటము స్వాతంత్ర్య యుద్ధముగా ముగిసినదని సేను తేల్చెను. ప్రభుత్వపు చరిత్ర సంఘముతో సరిపడక వెలికి వచ్చిన రమేశచంద్ర మజుందారు అదే సంవత్సరమున వేరుగా తన గ్రంథమును ప్రకటించి, దానిని జాతీయ స్వాతంత్ర్య యుద్ధమనుటకు ఆధారములు చాలవనెను. ఆయనతో ఏకీభవింపనివారు పెక్కురు. అయినను ఆ రెండు గ్రంథములును పక్కపక్కనే ఉండదగినవి. వానిని ఒకే బీరువాలో చేర్చుట ఏ స్తంభమునకును చేతకాదు. పల్లెటూరి గ్రంథాలయమునకు చేతనగును. పరపాలకులు నిషేధించిన పుస్తకమును, స్వపాలకులు వ్రాయించిన పుస్తకమును, వారితో విభేదించిన పుస్తకమును ఒక్క చందాదారుడే మూడు వారములలో చదివి ముగింపవచ్చును.

యుద్ధమునకు పోయినవాని పేరు ఏమగునన్నది అన్నిటికంటె ముఖ్యమైనది. 1914 మొదలు 1918 వరకు జరిగిన మహాయుద్ధమున ఈ దేశమునుండి పది లక్షలకు పైబడిన జనము సముద్రము దాటిరి. సుమారు 74,000 మంది తిరిగి రాలేదు. ఆ యుద్ధమునకు జనులను పంపిన గ్రామములలో తరువాత చిన్న రాతిపలకలు పాతిరి. ఈ గ్రామమునుండి యుద్ధమునకు పోయినవారు ఇందరు, వారిలో ప్రాణములిచ్చినవారు ఇందరు అని వానిపై ఉండును. అంకెలుండును, పేర్లుండవు. పశ్చిమ గోదావరి మండలమున మాధవరమువలె తరతరములుగ సైనికులను పంపిన తెలుగు గ్రామములకు ఈ అంకెల వెనుక నున్న మనుష్యులు తెలియును. ప్రభుత్వపు రాతికి తెలియదు.

ఇరాకు దేశమున బస్రా చెంత 1929లో ఒక గొప్ప స్మారకము కట్టిరి. మెసపొటేమియా రంగమున మరణించి సమాధియైనను దొరకని 40,000 మందికి పైబడినవారి కొరకు అది ఏర్పడినది. ఆంగ్ల సైనికుల పేర్లు ప్రతి ఒక్కటి చెక్కిరి. భారతీయులలో అధికారుల పేర్లు మాత్రము చెక్కిరి. సామాన్య సిపాయిల విషయమున పటాలము పేరు వ్రాసి, దాని క్రింద ఇందరు అని అంకె వేసి ఊరకుండిరి. తల్లి పెట్టిన పేరు సముద్రము దాటి, ఎడారిలో పోరాడి, చివరకు ఒక మొత్తములో కలిసిపోయినది. ఆ రాతిని పొలిమేర దాటించినదియు మరియొక ప్రభుత్వమే: 1997లో సద్దాం హుస్సేన్ ఆజ్ఞపై దానిని ఊడదీసి, నాసిరియా దారిలో, బస్రాకు ఇరువది మైళ్ల దూరమున ఎడారిలో తిరిగి నిలిపిరి. 2021 ఏప్రిలులో కామన్‌వెల్తు యుద్ధ సమాధుల సంఘము తన పాత లెక్కలను తానే పరిశీలింపజేసికొని, 45,000 మొదలు 54,000 వరకు సైనికులను ఇతరులతో సమానముగ స్మరింపలేదనియు, మరి 1,16,000 మందికి తక్కువ కాకుండ పేరులేకయో, అసలు గురుతే లేకయో మిగిలిపోయిరనియు ఒప్పుకొని క్షమాపణ చెప్పెను. వారిలో అధిక సంఖ్యాకులు ఆఫ్రికా, ఆసియా ఖండములవారు. నూరేండ్ల పిమ్మట వచ్చిన ఆ క్షమాపణను వినుటకు వారి భార్యలును బిడ్డలును లేరు.

ఢిల్లీలోని ఇండియా గేటు ఆ యుద్ధములోనివారికే 1931లో ప్రారంభమైనది. దానిపై 13,000కు పైగా పేర్లున్నవి. వారు పోరాడినది ఆంగ్ల చక్రవర్తి పక్షమున. దాని వెనుక మండపములో నిలిచిన అయిదవ జార్జి విగ్రహమును 1968లో తొలగించిరి. 1971 యుద్ధానంతరము, 1972 జనవరి 26న, గేటు క్రింద అమర జవాను జ్యోతిని వెలిగించిరి. చక్రవర్తి కొరకు చచ్చినవారి గేటు క్రింద గణరాజ్యము కొరకు చచ్చినవారి జ్యోతి యేబదియేండ్లు వెలిగెను. ఎవరికిని అది ఎబ్బెట్టుగా తోచలేదు. 2019లో జాతీయ యుద్ధ స్మారకము వేరుగా కట్టి, 2022 జనవరిలో ఆ జ్యోతిని దానిలో కలిపిరి. అదే సంవత్సరము సెప్టెంబరులో ఆ ఖాళీ మండపమున సుభాస్ బోసు విగ్రహమును నిలిపిరి. ఈ మార్పులను గొప్పవనినవారును ఉన్నారు, నొచ్చుకొన్నవారును ఉన్నారు. ఆజాద్ హింద్ ఫౌజు సైనికులను స్వతంత్ర ప్రభుత్వము తిరిగి సైన్యములోనికి తీసికొనలేదన్న సంగతి మాత్రము విగ్రహపు పీఠముపై నుండదు. మలయా, బర్మా దేశములనుండి ఆ ఫౌజులో చేరినవారిలో తెలుగువారును కలరు. సింగపూరులో బోసు శంకుస్థాపన చేసిన ఫౌజు స్మారకమును 1945లో ఆంగ్ల సైన్యము పేల్చివేసెను; 1995లో సింగపూరు ప్రభుత్వము ఆ స్థలమున గురుతు నిలిపెను.

రాయి ఎత్తుట ఒక పద్ధతి. కాగితము దాచుట వేరొక పద్ధతి. ఇది ఇంకను సులభము. 1962లో చైనాతో జరిగిన యుద్ధమున ఓటమికి కారణములను విచారించి హెండర్సన్ బ్రూక్స్, భగత్ అను ఇరువురు సేనానులు 1963లో నివేదిక సమర్పించిరి. అరువదియేండ్లు దాటినను, ఏ పక్షపు ప్రభుత్వము వచ్చినను దానిని బయటపెట్టలేదు. 2014లో నెవిల్ మాక్స్‌వెల్ అను విదేశ పత్రికా రచయిత దానిలో చాల భాగమును లోకమునకు చూపెను. ప్రతిపక్షమున నున్నప్పుడు అడుగుట, అధికారమున నున్నప్పుడు మౌనము వహించుట ఇచ్చట ఆచారమైనది. సరిహద్దుకు ఆవల పాకిస్తానులో 1971 పరాజయముపై హమూదుర్ రహ్మాను విచారణ సంఘము ఇచ్చిన నివేదిక, భారతదేశపు పత్రికలో 2000లో కొంత వెలువడిన పిదపగాని వెలుగు చూడలేదు. ఓడిన యుద్ధపు కాగితము మూటలో నుండగా, 1965 యుద్ధపు సెప్టెంబరు 6వ తేది మాత్రము ఏటేట రక్షణ దినముగా జరుగుచుండెను. బంగ్లాదేశములో 1971 స్వాతంత్ర్య ప్రకటన చేసినది ముజిబుర్ రహ్మానా, జియావుర్ రహ్మానా అను ప్రశ్నకు పాఠ్యపుస్తకము చెప్పు జవాబు ప్రభుత్వముతో పాటు మారుచు వచ్చినది. 2024 ఆగష్టులో అచ్చటి ప్రభుత్వము కూలెను. 2025 పుస్తకములలో ఆ పాఠము మరల మారెను. ఒకే ఇంట అన్న చదివినది ఒకటి, తమ్ముడు చదివినది మరియొకటి.

ప్రభుత్వములనే తప్పుపట్టి ప్రజల జ్ఞాపకమంతయు నిర్మలమనుటయు సత్యము కాదు. 1757 జనవరి 24న బొబ్బిలి కోట కూలెను. దానికి చాలకాలము ప్రభుత్వపు రాయి లేదు. జంగములు, కథకులు తంబుర మీటి ఊరూర చెప్పుకొని నిలిపిరి. తాండ్ర పాపారాయని పేరు నిలిచినది వారి గొంతులోనే. కాని ఆ కథ విన్నవాడు విజయనగరపు పక్షమువారి మాట యేమని అడుగడు. వెలమ వీరుని శౌర్యమునకు కన్నీరు కార్చిన సభ, అదే కోటలో మంటలలో మరణించిన పనివారి పేర్లు అడుగలేదు. ఫ్రెంచి సేనాని బుస్సీ ఎందులకు అంత దూరము వచ్చెనన్నది కథలో చివరకు పోయి, ఇద్దరు జమీందారుల పౌరుషము ముందుకు వచ్చెను. ప్రజలును తమకు కావలసినదే దాచుకొందురు. తేడా యొక్కటి: కథకునితో విభేదించినవానిని కథకుడు చెరసాలలో పెట్టలేడు.

విశాఖపట్టణపు సముద్రతీరమున 1996లో నౌకాదళమువారు 1971 యుద్ధ విజయమునకు స్మారకము నిర్మించిరి. ఆ యుద్ధమున డిసెంబరు 3–4 తేదుల నడిరేయి, రేవుకు చేరువలో పాకిస్తాను జలాంతర్గామి గాజీ మునిగిపోయెను. అమెరికావారు కట్టి పాకిస్తానుకు ఇచ్చిన ఓడ అది. దానిలో నుండిన తొంబదిమందికి పైబడిన నావికులలో ఒక్కడును బ్రతుకలేదు. రాజపుత్ అను నౌక వేసిన జలబాంబులచేత అది మునిగెనని భారత ప్రభుత్వపు కథనము. తాను పరచిన మందుపాతరచేతనో, లోపలి ప్రేలుడుచేతనో మునిగెనని పాకిస్తాను కథనము. ఈ దేశపు విశ్రాంత సేనానులలోను కొందరు అధికార కథనమును సందేహించిరి. ఒకరికి కావలసినది విజయము. మరియొకరికి కావలసినది శత్రువు చేత చావలేదన్న గౌరవము. 2024లో భారత నౌకాదళపు లోతునీటి వాహనము ఆ శిథిలమును తీరమునకు రెండు మూడు కిలోమీటర్ల దూరమున గుర్తించెనని పత్రికలు వ్రాసెను. లోపలి మృతులపై గౌరవముచేత దానిని తాకక విడిచిరనియు వ్రాసెను. విశాఖ బెస్తలు ఆ నీటిమీదనే నిత్యము వలలు వేయుచున్నారు.